బాపమ్మకు చెప్పిన సినిమా

యాదగిరి మొన్న మా ఇంటికి లిఫ్టులో వచ్చాడు. ఒకప్పుడు అతను ఇదే చిక్కడపల్లి గల్లీలో, ఇదే జాగాలో, బయటి గోడకు ఆనుకుని ఉన్న రాతిమెట్లు రెండేసి చొప్పున ఎక్కి తన కిరాయి గదికి పోయేవాడు. ఇప్పుడు ఆ మెట్లూ లేవు, ఆ గదీ లేదు. పెంకుటిల్లు పడగొట్టి అపార్ట్‌మెంట్ కట్టినప్పుడు మా వాటాకు వచ్చిన ఫ్లాటులో నేనొక్కదాన్నే ఉంటున్నాను. అతను తలుపు దగ్గర చెప్పులు విడిచి, మెడకు చుట్టుకున్న ఉన్ని గుడ్డ సర్దుకుని, "సరళక్కా, బాగున్నవా" అన్నాడు. జుట్టంతా తెల్లబడింది. కింద కారులో ఇద్దరు పిల్లలు కెమెరాతో ఎదురుచూస్తున్నారట, పైకి తేలేదు. దేశదేశాల్లో పేరున్న దర్శకుడు, పరాయి దేశాల సినిమా పండగల్లో బహుమతులు పంచే పెద్దమనిషి మన గడప తొక్కితే ఎవరైనా సంబరపడాలి. నేను పడలేదు. నలభై ఏళ్ళుగా ఈ మనిషి మీద నాకు కోపం. అది ఎందుకో చెప్పాలంటే ముందు మా బాపమ్మ గురించి చెప్పాలి.

బాపమ్మ అంటే మా బాపు తల్లి, నాయనమ్మ. కాగితాల్లో ఎవరి పేరుందో నాకు తెలియదు గానీ ఇల్లు మాత్రం ఆమెదే. పొద్దున కిరసనాయిలు స్టవ్ మీద కాగిన మొదటి చాయ్ ఆమెకే. ఏ కూర వండాలో, ఎవరు ఎప్పుడు తలంటుకోవాలో ఆమె మంచం మీద కూర్చునే చెప్పేది. నడుముకు ఒక గుడ్డసంచి, అందులో వక్కలు, అడకత్తెర. రోజంతా ఆ అడకత్తెర కటుక్కు కటుక్కుమంటూనే ఉండేది. అది ఆగిందంటే ఆమె ఏదో ఆలోచిస్తోందని, కాసేపట్లో ఎవరికో మూడిందని మాకు తెలిసిపోయేది. శనివారం సాయంత్రం కుంకుడుకాయలు కొట్టి నానబెట్టడం నా పని. ఆదివారం తెల్లారేసరికి ఇల్లంతా ఆ చేదు నురగ వాసన, దాని మీద పచ్చిపులుసులోకి అమ్మ వేసే పోపు వాసన. అమ్మ గొంతు కన్నా అమ్మ రోట్లో పల్లీలు నూరే చప్పుడే నాకు ఎక్కువ గుర్తు. ఆ ఇంట్లో ఆమె మాట్లాడిన మాటలన్నీ ఏరితే పిడికెడు కూడా కావు.

నాకు పదేళ్ళప్పుడు చెల్లె వసంత పుట్టింది. ఏడాది నిండకముందే, ఇంకా పాలు మరవకముందే, దాన్ని కాచిగూడలో ఉన్న మా పెద్దమ్మకు పెంచుకోవడానికి ఇచ్చారు. పెద్దమ్మ అంటే బాపు అన్నగారి భార్య. వాళ్ళకు పిల్లలు లేరు. "ఒక్క కడుపున పుట్టిన అన్నదమ్ములకు నీ బిడ్డ నా బిడ్డ అని ఉంటదా" అంది బాపమ్మ. బాపు తల ఊపాడు. అమ్మను ఎవరూ అడగలేదు. పైగా ఒక కట్టడి కూడా పెట్టారు. పిల్ల మనసు రెండు దిక్కులు కాకూడదు కాబట్టి పండగలకు తప్ప అమ్మ కాచిగూడ పోకూడదు. వసంతకు ఊహ తెలిసేటప్పటికే సంగతంతా తెలుసు. పెద్దమ్మను అమ్మా అనేది. కన్నతల్లిని చిన్నమ్మా అనేది. పండగపూట ఆ పిలుపు విని అమ్మ పలికే తీరు చూస్తే నాకు అన్నం దిగేది కాదు.

యాదగిరి మా మేడ మీది గదిలో కిరాయికి దిగినప్పుడు నాకు ఇరవై రెండు, అతనికి ఇరవై. నల్లగొండ దిక్కు పల్లె. సర్కారు గుమాస్తా ఉద్యోగం పరీక్షకని వచ్చి పొద్దంతా అశోక్‌నగర్‌లో చదువుకుని, సాయంత్రం తడి తువ్వాలు వాసన కొట్టే ఆ గదిలో జనరల్ నాలెడ్జ్ బట్టీ పట్టేవాడు. చదివింది తెలుగు మీడియం. నేను ఇంగ్లిష్ ఎం.ఏ. బాపుకు ఆఫీసులో ఎవరో అంటగట్టిన ఫిల్మ్ క్లబ్ కార్డు ఒకటి ఉండేది. ఆదివారం పొద్దున తొమ్మిదింటికి నారాయణగూడలో ఒక థియేటర్‌లో విదేశీ సినిమా వేసేవారు, ఒక కార్డు మీద ముగ్గురు పోవచ్చు. బాపుకు ఆయాసం, చల్లటి హాలు పడదు. నేను పోతానన్నాను. కిరాయి పిల్లగాడు తానూ వస్తానన్నాడు. బాపమ్మ అడకత్తెర ఆగింది. తర్వాత, "నేను గూడ వస్త, నడుమ కూసుంట" అంది.

అట్లా మా ముగ్గురి వరస ఖాయమైంది. ఇటు నేను, అటు యాదగిరి, నడుమ బాపమ్మ. తెర మీద ఇంగ్లిష్ అక్షరాలు పడుతుంటే నేను బాపమ్మ చెవిలో తెలుగులో చెప్పాలి. యాదగిరికి ఆ ఇంగ్లిష్ అందుకునేంత వేగం లేదు. "నువ్వు బాపమ్మకు చెప్తుంటే నేను గూడ ఇంట అక్కా" అని ముందుకు వంగి చెవి ఇటు పడేసేవాడు. చిక్కల్లా బాపమ్మతోనే. ఆడది మొగుణ్ణి వదిలిపోయినా, కొడుకు తల్లిని కసిరినా, పడకగదిలోకి కొత్త మనిషి వచ్చినా ఆమె అడకత్తెర సంచిలో వేసి "లే, ఇంటికి పోదాం" అనేది. ఆమె లేస్తే నేను లేవాలి, నేను లేస్తే మా కార్డు మీద వచ్చిన యాదగిరి కూడా లేవాలి. రెండు వారాలు సగం సినిమాలోనే లేచి వచ్చేశాం. మూడో వారం నుంచి నేను కథలు మార్చడం మొదలుపెట్టాను. ప్రియుణ్ణి తమ్ముణ్ణి చేసేదాన్ని. విడాకుల కాగితాన్ని పొలం దస్తావేజు చేసేదాన్ని. కోర్టులో మొగుడి మీద అరిచే ఆవిడ నా నోట్లో అతని ఆరోగ్యం కోసం దేవుణ్ణి వేడుకునేది. బాపమ్మ తృప్తిగా వక్కలు కత్తిరించుకునేది. నేను మారుస్తున్నానని యాదగిరికి చెప్పలేదు. ఇంటికి వచ్చాక అతను ఆ కథలన్నీ జనరల్ నాలెడ్జ్ నోట్‌బుక్ వెనక పేజీల్లో రాసుకునేవాడు. తర్వాత లోకం మెచ్చిన ఈ దర్శకుడు మా మేడ మీద ఉన్న రెండేళ్ళూ చూసిన ప్రపంచ సినిమా అంతా మా బాపమ్మ ఒప్పుకున్న సినిమా.

ఒక శుక్రవారం స్నేహితురాలికి పుస్తకం ఇవ్వడానికి కాచిగూడ పోయాను. పెద్దమ్మ ఇంటి ఎదురుగా రోడ్డుకు ఇవతల ఒక గుండీల దుకాణం. అక్కడ అమ్మ నిలబడి ఉంది. దుకాణం వైపు వీపు పెట్టి రోడ్డు అవతలికి చూస్తోంది. బడి వదిలే వేళ. వసంత భుజానికి సంచితో నడిచి వచ్చి ఇంట్లోకి పోయింది. అప్పుడు దుకాణదారు, "అమ్మా, ఈ వారం గూడ తెల్లవేనా?" అన్నాడు. అమ్మ తల ఊపింది, పొట్లం తీసుకుంది. మా ఇంట్లో ఒక బిస్కట్ డబ్బా నిండా తెల్ల గుండీలు ఎందుకున్నాయో నాకు అప్పుడు తెలిసింది. మా ఇంట్లో ఏ చొక్కాకూ ఎన్నడూ గుండీ ఊడినట్టు నాకు గుర్తు లేదు. నేను అమ్మను పలకరించలేదు. పక్క సందులోంచి తిరిగి వచ్చేశాను. రెండు రోజులు బాపమ్మ ముఖం చూస్తే ఒళ్ళు మండిపోయింది.

ఆ ఆదివారమే మంచు సినిమా వేశారు. పేరు పలకరాని ఊరు, నలుపు తెలుపు, మొదటి నుంచి చివరిదాకా మంచే. తెల్ల అక్షరాలు తెల్ల మంచులో కలిసిపోయి సగం మాటలు కనబడనే లేదు. ఒకావిడ తెల్లవారుజామున పెట్టె పట్టుకుని గడప దాటి, తిరిగి ఇంటివైపు చూసి ఏదో అంది. ఆమె పెదవులు కదిలాయి, అక్షరాలు మంచులో మునిగాయి. బాపమ్మ వెంటనే, "ఏడికి పోతున్నదే గామె? మొగడు ఇంట్ల లేడు కద" అంది. చెయ్యి సంచి మీదికి పోయింది. నేను ఆలోచించలేదు. "గుండీలు కొననీకి పోతున్నదట బాపమ్మా. గా దుకాణం ఎదురింట్ల ఆమె బిడ్డ ఉంటదట. ఆమెను అడగకుండనే బిడ్డను వేరేటోళ్ళకు ఇచ్చిన్రట. ఇంట్ల తెల్వకుండ పోయి, రోడ్డు మీద నిలబడి చూస్తదట" అన్నాను.

అడకత్తెర ఆగింది. పెట్టె ఎందుకు మరి అని బాపమ్మ అడగలేదు. తెర వంకే చూస్తూ, గొంతు తగ్గించి, "చూసొస్తదా, తెచ్చుకుంటదా?" అంది. నా జన్మలో ఆమె నన్ను నిజంగా అడిగిన ప్రశ్న అదొక్కటే. తెచ్చుకుంటదట అని ఉంటే ఏమయ్యేదో. తెర మీద ఆవిడ రైలెక్కింది. నాకు ధైర్యం చాలలేదు. "చూసొస్తదట" అన్నాను. బాపమ్మ వక్క తీసి మళ్ళీ కత్తిరించడం మొదలుపెట్టింది.

ఆ వచ్చే శుక్రవారం అమ్మ చీర మార్చుకుంటుంటే బాపమ్మ మంచం మీద నుంచే, "కోడలా, ఎప్పుడు తెల్లవేనా, జర నల్లవి గూడ తే" అంది. అమ్మ కుచ్చిళ్ళు పట్టుకుని అట్లాగే నిలబడిపోయింది. ఆ రోజు నుంచి అమ్మ దాక్కోకుండా పోయేది, నల్ల గుండీలు తెచ్చి బాపమ్మ మంచం మీద పెట్టేది. నేను చెవిలో ఊదిన అబద్ధం మా అమ్మకు వారానికి ఒక సాయంత్రం సంపాదించి పెట్టింది. ఎం.ఏ. పట్టా కంటే నాకు అదే ఎక్కువ గర్వంగా ఉండేది. ఆ గర్వం ఎవరికీ చెప్పుకోలేక లోపల ఉడుకుతుంటే, ఒక రోజు మెట్ల మీద యాదగిరి అడిగాడు, "అక్కా, గా దుకాణం కాడ ఏమైతదో నాకు సరిగ సమజ్ కాలే, మళ్ళొకసారి చెప్పు" అని. చెప్పాను. బడి సంచి, తెల్ల గుండీలు, దుకాణదారు మాట, బిస్కట్ డబ్బా, అన్నీ సినిమాలో ఉన్నట్టుగానే చెప్పాను. చెప్పుకోవడానికి నాకు మాత్రం ఇంకెవరున్నారు.

యాదగిరి పరీక్ష రెండుసార్లు తప్పాడు. గది ఖాళీ చేసి పుణెలో సినిమా చదువుకు పోయాడు. ఇక్కడ బాపమ్మ కాలం చేసింది. ఐదారేళ్ళకు అతని మొదటి సినిమా వచ్చింది, ఎక్కడో పరాయి దేశంలో బహుమతి కొట్టింది, పేపర్లన్నీ రాశాయి. ఒక ఆదివారం మధ్యాహ్నం టీవీలో వేశారు. మా కిరాయి పిల్లగాడే అని గల్లీ అంతా మా ముందు గదిలో చేరింది. అమ్మ గడప దగ్గర కూర్చుని బియ్యం ఏరుతోంది. తెర మీద ఒకామె దుకాణం ముందు వీపు పెట్టి నిలబడింది. "అమ్మా, ఈ వారం గూడ తెల్లవేనా?" అన్నాడు దుకాణదారు. ఇంటికి వచ్చాక అత్త అడిగింది, "చూసొస్తవా, తెచ్చుకుంటవా?" అని. కోడలు, "చూసొస్త" అంది. అదే ఆఖరి మాట. గదిలో ఆడవాళ్ళు కళ్ళు తుడుచుకున్నారు. అమ్మ చాట పక్కన పెట్టి నా వైపు చూసింది. "బజార్ల పెట్టినవు కద బిడ్డా" అంది.

నేను చెప్పలేదమ్మా అనలేను. చెప్పాను కదా. కాచిగూడలోనూ టీవీ ఉంది. నా ఇంటి మీద ఇన్నేళ్ళు కన్నేసి ఉంచావా అని పెద్దమ్మ అమ్మకు కబురు పంపింది. అమ్మ మళ్ళీ ఆ దుకాణానికి పోలేదు. వసంత పెళ్ళిలో వెనక వరుసలో చుట్టంలాగా కూర్చుని అక్షింతలు వేసి వచ్చింది. గుండీల డబ్బా అటక మీద పెట్టింది. ఆ తర్వాత పన్నెండేళ్ళు బతికింది, ఆ మాట వెనక్కి తీసుకోకుండానే పోయింది. ఆ పన్నెండేళ్ళూ, ఇప్పటిదాకానూ, యాదగిరి ఎక్కడ మాట్లాడినా ఒకటే పాట. ఆ మంచు సినిమాలో బిడ్డను దూరం నుంచి చూసే తల్లిని చూశాను, ఆ రోజే దర్శకుణ్ణయ్యాను, ఆ సినిమా తీసిన పెద్దాయనే నా గురువు అని. పాపం తెలియక అంటున్నాడులే, నేనే కదా మోసం చేసింది అని నాకు నేను చెప్పుకునేదాన్ని. కోపం వచ్చిన ప్రతిసారీ అదే చెప్పుకుని సగం మింగేదాన్ని.

మొన్న వచ్చింది సభకు పిలవడానికి. మర్నాడు పొద్దున నారాయణగూడలో అతనికి సన్మానం, తర్వాత ఆ మంచు సినిమానే కొత్తగా బాగుచేసిన ప్రింటు వేస్తారట. చాయ్ ఇచ్చి, ఇన్నేళ్ళకు నోరు తెరిచాను. "యాదగిరీ, ఆ సినిమాలో గుండీలు లేవు. బిడ్డా లేదు. అది నేను కల్పించి చెప్పింది" అన్నాను.

అతను కప్పు దించలేదు. "నాకు ఎరుకే అక్కా. పుణెలనే మంచి ప్రింటు చూసిన. ఆమె బిడ్డ కోసం పోతలేదు" అన్నాడు.

"సినిమా తీయకముందే తెలుసా?"

"తెలుసు."

"మరి ఇన్నేళ్ళు గురువు గురువని ఎందుకన్నావు?"

"పెద్దాయన పేరు చెప్తె కుర్సీ ఏసి కూసోబెట్టిన్రు. చిక్కడపల్లిల ఒకక్క వాళ్ళ బాపమ్మకు చెప్తుంటె ఇన్న అంటె ఎవ్వలు ఇంటరు?" అన్నాడు. ఏ సిగ్గూ లేకుండా, ఆదివారం సెలవని చెప్పినంత మామూలుగా అన్నాడు.

నేను నలభై ఏళ్ళు అతని అమాయకత్వం మీద జాలిపడ్డాను. ఆ జాలి నాకు తిరిగి కావాలనిపించింది. అరవాలని కూడా అనిపించింది గానీ నాకు అంతకంటే ముఖ్యమైన పని ఉంది. "అది మా అమ్మ బతుకు. ఆమె పేరు అనసూయమ్మ. నేను ఆమెను బజార్లో పెట్టాననుకునే పోయింది. రేపు సభలో ఆమె పేరు చెప్పు. నేను బయటపెట్టలేదని, నువ్వే తీసుకున్నావని చెప్పు. వసంతను తీసుకొస్తాను. దాని చెవిన పడితే చాలు" అన్నాను. అతను లేచి నా చేతులు పట్టుకున్నాడు. కళ్ళల్లో నీళ్ళు కూడా తెచ్చుకున్నాడు. "తప్పకుండ చెప్త అక్కా" అన్నాడు.

మర్నాడు వసంతా నేనూ నడిచే పోయాం. అశోక్‌నగర్‌లో పుస్తకాల సంచులు వేసుకుని వందలమంది యాదగిరులు చాయ్ బండ్ల చుట్టూ నిలబడి ఉన్నారు, వాళ్ళ కళ్ళల్లో అదే పరీక్ష భయం. మా క్లబ్ సినిమాలు వేసిన థియేటర్ జాగాలో ఇప్పుడు బట్టల షాపు. వసంతకు అరవై దగ్గర పడింది, కంటి ఆపరేషనై వారమే అయింది, నా చెయ్యి పట్టుకుని నడిచింది. సభ పెట్టిన హాల్లో మూడో వరుసలో కూర్చున్నాం. శాలువా కప్పించుకుని యాదగిరి మైకు అందుకున్నాడు. "నాకు సినిమా నేర్పింది చిక్కడపల్లిలో ఒక ముసలమ్మ" అన్నాడు. బాపమ్మ అడకత్తెర, లే పోదాం అనడం, ప్రియుడు తమ్ముడు కావడం, ఒక్కొక్కటే చేతులు తిప్పుతూ చెప్పాడు. హాలు విరగబడి నవ్వింది. ఇంటి ఓనరు గారి బిడ్డ ఒకామె చెవిలో చెప్పేదని నన్నూ ఒక ముక్కలో దాటించాడు. "చూసొస్తదా, తెచ్చుకుంటదా అన్న మాట కూడా ఆ మహాతల్లిదే" అని ఆకాశంలోకి దండం పెట్టాడు. చప్పట్లు ఆగలేదు. అమ్మ పేరు రాలేదు. బిడ్డను గుంజి ఇచ్చేసిన మనిషికి మహాతల్లి బిరుదు వచ్చింది. నేను వసంత వైపు చూడలేకపోయాను.

దీపాలు ఆర్పారు. మంచు మొదలైంది. ఇప్పటి అక్షరాలకు చుట్టూ నల్లగీత ఉంది, ఒక్కటి కూడా పోలేదు. పెట్టె పట్టుకుని ఆవిడ గడప దాటింది, తిరిగి చూసింది, పెదవులు కదిలాయి. వసంత నా వైపు వంగి, "అక్కా, నాకు అక్షరాలు ఆనుతలేవు. ఏమంటున్నది?" అంది.

గుండీలు అనే మాట నా నాలుక చివరిదాకా వచ్చింది. చదివింది చదివినట్టు చెప్పాను. "పోతున్ననంటున్నది. ఈ ఇంటికి మళ్ళ రాదట."

"మంచి పని చేసింది" అంది వసంత.

అది తెర వైపే చూస్తూ, ఎవరి గురించో చెబుతున్నట్టు మెల్లగా అంది. "చిన్నమ్మ శుక్రారం శుక్రారం వస్తుండె కద. నేను సంచి పడేసి కిటికీ ఎనక నిలబడుతుంటి. ఒక్కపారన్న రోడ్డు దాటుతదేమో అని చూస్తుంటి."